అఖాతం ఎవరికి అండ? – కోరంగి తీరం భూగోళం, చరిత్ర

మహాకావ్యానికి లాక్షణికులు విధించిన అష్టాదశ వర్ణనల్లో సముద్ర వర్ణన ఒకటి. ఆ నియమం పాటించిన మన కవులు సముద్రాన్ని చాలానే వర్ణించారు. కాని ఆ సముద్రానికి ఊరు లేదు. అది ఏ తీరం, అక్కడ లోతెంత, ఏ నెలలో గాలి ఎటునుంచి వీస్తుంది, వల వేసేదెవరు, ఓడకు మేకు కొట్టేదెవరు అన్న ప్రశ్నలు ఆ వర్ణనల్లో తలెత్తవు. శ్రీనాథుడు ‘హరవిలాసం’ కృతిభర్త అవచి తిప్పయ సెట్టిని పొగిడేటప్పుడు దూరద్వీపాల నుంచి దిగిన సరుకుల ప్రసక్తి తెచ్చి, సముద్ర వర్తకానికి కావ్యంలో కాస్త చోటిచ్చాడు. అక్కడ కూడా కనిపించేది వర్తకుడే గాని కళాసీ కాదు. భావకవిత్వం వచ్చాక సముద్రం కవి ఏకాంతానికి అద్దమైంది. ఆ తర్వాత వచ్చిన కవిత్వంలో కెరటం తిరుగుబాటుకు గుర్తయింది. ఈ మూడు దశల్లోనూ సముద్రం ఏదో ఒక భావానికి ఉపమానంగానే మిగిలింది. అది ఒక చోటు అనీ, ఆ చోటుకొక చరిత్ర ఉందనీ మన సాహిత్యం గుర్తించింది తక్కువ.

ఈ వ్యాసంలో ఒక చోటును తీసుకుని దాని భూగోళాన్నీ చరిత్రనూ వివరించే ప్రయత్నం చేస్తాను. అది కాకినాడకూ గౌతమి ముఖద్వారానికీ నడుమ ఉన్న అఖాతం. పూర్వం ఓడలవాళ్ళు దాన్ని కోరంగి అఖాతమన్నారు, ఇప్పుడు కాకినాడ అఖాతమంటున్నారు. దాన్ని రెండర్థాల్లో ‘రక్షిత’ అఖాతమని చెప్పవచ్చు. ఇసుక దిబ్బ అడ్డం ఉండి కెరటాల నుంచి దానికి సహజంగా రక్షణ దొరికింది. దక్షిణపు అంచునున్న మడ అడవికి 1978 నుంచి చట్టరీత్యా రక్షణ ఏర్పడింది. ఈ రెండు రక్షణలూ ఎలా వచ్చాయి? ఎవరిని కాపాడాయి, ఎవరిని బయట నిలబెట్టాయి? తీరం గురించి రాయదలచిన రచయిత ముందు వేసుకోవలసిన ప్రశ్న ఇదేనని నా అభిప్రాయం.

పటం మీద

గోదావరి ధవళేశ్వరం దగ్గర చీలుతుంది. పడమటి పాయ వసిష్ఠ, తూర్పు పాయ గౌతమి. గౌతమి యానాం పక్కగా సాగి సముద్రంలో కలుస్తుంది. కలిసేలోపు దాని ఎడమ ఒడ్డు నుంచి కోరంగి ఏరు, గాడేరు వంటి చిన్న పాయలు విడివడి, ఉత్తరానికి తిరిగి, మడ అడవిలో మెలికలు పోతూ అఖాతంలో పడతాయి. అఖాతానికి దక్షిణాన ఈ అడవి, పడమట తాళ్ళరేవు, కోరంగి, చొల్లంగి, కాకినాడ. తూర్పున సముద్రానికి అడ్డంగా సుమారు 16 కిలోమీటర్ల పొడవున సన్నని ఇసుక నాలుక ఉంది. హోప్ ఐలాండ్ అంటారు. పేరుకు ద్వీపమే గాని పుట్టుక చేత అది నేలనుంచి సముద్రంలోకి పెరిగిన ఇసుక దిబ్బ. నాలుగో దిక్కున, అంటే ఉత్తర ఈశాన్యాన, అఖాతం నోరు తెరిచి ఉంటుంది. పాఠకులు ఈ సంగతి గుర్తుంచుకోవాలి. తర్వాత చెప్పబోయే చరిత్రలో సగం ఆ నోటి గుండానే వచ్చింది.

సాహిత్య విద్యార్థులు ఈ తీరంలోని ఊళ్ళ పేర్లను ఒకసారి చదివి చూడాలి. తాళ్ళరేవు, నీలరేవు, గాడిమొగ, బలుసుతిప్ప, భైరవపాలెం, బండమూర్లంక. రేవు అంటే పడవ ఒడ్డుకు చేరే చోటు. మొగ అంటే ఏరు సముద్రంలో కలిసే నోరు. తిప్ప అంటే ఇసుకో మట్టో మేటవేసిన మెరక. లంక అంటే నది నడుమ తేలిన నేల. నీరు ఎక్కడ నేలను తెచ్చిపోసిందో, ఎక్కడ తెగ్గోసిందో జనం తమ మాటల్లో దాచిపెట్టుకున్నారు. సముద్రం ఎక్కడాన్ని పోటనీ, దిగడాన్ని పాటనీ ఇక్కడి బెస్తలు అంటారు. మన పుస్తకాల్లో ‘ఆటుపోట్లు’ అని జంటగా రాసేసి ఊరుకుంటాం. పోటు మీద ఏట్లోకి వెళ్ళి పాటు మీద తిరిగివచ్చే మనిషికి అవి రెండు వేరువేరు పనివేళలు.

భక్తిలో కూడా భూగోళం దాగి ఉంది. గోదావరి సప్తర్షుల పేర ఏడు పాయలై సముద్రంలో కలిసిందని పురాణగాథ. పుష్య బహుళ అమావాస్యనాడు, అంటే చొల్లంగి అమావాస్యనాడు, తుల్యభాగ సముద్రంలో కలిసే చోట స్నానం చేసి, అక్కడినుంచి ఒక్కొక్క పాయ మొగనూ దర్శిస్తూ అంతర్వేదిదాకా సాగే సప్తసాగర యాత్ర నేటికీ ఉంది. తుల్యభాగ ఇవాళ చూడబోతే చిన్న మురుగు కాలువ. ఒకప్పుడు గోదావరి నీటిని మోసిన పాయ అయివుండాలి. నదులు దారి మార్చుకుంటాయి. జనం జ్ఞాపకం అంత తొందరగా దారి మార్చుకోదు. ఆ యాత్రను మూఢనమ్మకమని తోసిపుచ్చే ముందు, డెల్టా తన పాత పాయల జాబితాను అందులో దాచుకుందని గుర్తించడం అవసరం.

ఇసుక గోడ ఎలా లేచింది

హోప్ ఐలాండ్ రెండు శతాబ్దాలకు మించని నేల. భూగర్భ శాస్త్రం లెక్కలో అది నిన్నటిది. దాని నిర్మాణం తెలుసుకోవడం కష్టం కాదు.

నాసిక్ దగ్గర పుట్టి 1465 కిలోమీటర్లు ప్రవహించే గోదావరి దక్కన్ పీఠభూమి మన్నును, ఇసుకను వరదల్లో మోసుకొచ్చి గౌతమి మొగ దగ్గర వదులుతుంది. నైరుతి రుతుపవనాల నెలల్లో కెరటాలు తీరాన్ని నిటారుగా కాక ఏటవాలుగా తాకుతాయి. తాకిన ప్రతి కెరటం కాస్త ఇసుకను ఉత్తరానికి జరుపుతుంది. చలికాలంలో ఈశాన్యపు గాలికి ఇసుక వెనక్కు, దక్షిణానికి జరుగుతుంది. కాని ఏడాది మొత్తం మీద ఉత్తరానికి పోయేదే ఎక్కువ. మొగ దాటగానే తీరం పడమటికి వంగి ఉండడం చేత ఉత్తరానికి జరిగే ఇసుకకు ఆనుకునే ఒడ్డు దొరకలేదు. అది నీళ్ళలోనే వరసగా మేటవేస్తూ నాలుకలాగా సాగింది. నాలుక సాగినకొద్దీ దాని వెనక నీరు నిలకడైంది. నిలకడ నీటిలో సన్నని ఒండు అడుగుకు దిగింది. ఒండు మీద మడ మొలిచింది. మడ వేళ్ళు మరింత ఒండును పట్టి ఉంచాయి.

అంటే అఖాతానికి అండగా నిలిచిన ఇసుక, అఖాతాన్ని పూడ్చేస్తున్న ఒండు ఒకే నది నుంచి వచ్చాయి. కాపాడేదీ పూడ్చేదీ ఒకటే. ఈ వైరుధ్యం తెలిస్తేనే కోరంగి పతనం, కాకినాడ అభ్యుదయం అర్థమవుతాయి.

కోరంగి: రేవు, మగ్గం, ఉప్పెన

ఇసుక నాలుక ఇంత పొడవు పెరగకముందే, గోదావరి తెచ్చిపోసిన నేల సముద్రంలోకి కోసుగా పొడుచుకొచ్చి, నైరుతి గాలికి అడ్డుగా నిలిచింది. అలలతో అదిరిపోయే కోరమాండల్ తీరంలో అటువంటి నిలకడ నీరు అరుదు. కలకత్తాకూ తిరుకోణమలైకూ మధ్య పెద్ద ఓడను ఒడ్డుకెక్కించి బాగుచేసుకోవడానికి అనువైనది కోరంగి ఒక్కటేనని బ్రిటిష్ వారి గెజిటీర్లు రాసుకున్నాయి. ఓడలు కట్టే వడ్రంగులు, అతుకుల్లో పీచుకుక్కి నీరు రాకుండా చేసేవాళ్ళు, తెరచాపలు కుట్టేవాళ్ళు ఈ ఊళ్ళలో తరతరాలుగా ఉన్నారు. కోరంగి రేవు పోయినా ఆ విద్య పోలేదు. తాళ్ళరేవు ప్రాంతంలో కర్ర పడవలు కట్టే పనివారు ఈ కాలం దాకా నిలిచారు.

చుట్టుపక్కల కొద్ది మైళ్ళలోనే యూరపు కంపెనీలన్నీ గుడారాలు వేశాయి. ఇంగ్లీషువారు 1708లో ఇంజరంలో ఫ్యాక్టరీ పెట్టారు. ఫ్యాక్టరీ అంటే యంత్రశాల కాదు, బట్ట కొనే గిడ్డంగి. ఫ్రెంచివారు యానాంలో దిగి 1954 దాకా ఉన్నారు. డచ్చివారి జగన్నాథపురం, ఇప్పుడు కాకినాడలో భాగం, 1825లో ఇంగ్లీషువారి చేతికి వచ్చింది. వీరందరినీ ఇక్కడికి రప్పించింది గోదావరి సాలెల నేత. అఖాతం నీడన లంగరేసిన ఓడల్లోకి ఎక్కింది ఆ సన్నబట్టే. లంకాషైరు మిల్లుబట్ట వచ్చి పడ్డాక కంపెనీకి ఇక్కడి మగ్గంతో పని లేకపోయింది. 1830 ప్రాంతానికి కొనుగోళ్ళు మానుకుంది. వెనువెంటనే 1833 నాటి కరువు. రేవుకు ఓడ రావడం లేదంటే అగ్రహారంలో ఎవరికీ పట్టకపోవచ్చు. సాలెవాడకు మాత్రం అది పొయ్యి ఆరిపోవడం.

ఇదే కాలంలో కోరంగి మీద ఉప్పెనలు పడ్డాయి. 1789 డిసెంబరులో వరసగా మూడు పెద్ద కెరటాలు పట్టణం మీదికి వచ్చాయని, రేవులోని ఓడలు నేలమీదికి కొట్టుకొచ్చాయని, సుమారు 20,000 మంది పోయారని రికార్డులు చెబుతున్నాయి. 1839 నవంబరు 25న మళ్ళీ వచ్చిన ఉప్పెన తర్వాత కోరంగి రేవుగా కోలుకోలేదు. ఈ రెండో ఉప్పెనలో మూడు లక్షల మంది చనిపోయారని తర్వాతి పుస్తకాలు ఒకదాన్ని చూసి మరొకటి రాసుకుంటూ వచ్చాయి. ఆనాటి తీరంలోని చిన్నచిన్న ఊళ్ళను బట్టి చూస్తే ఆ అంకెను సందేహించక తప్పదు. లెక్క పెద్దదైతేనే విషాదం పెద్దదవుతుందనుకోవడం సరికాదు.

గాలివానకు ఇంగ్లీషులో ‘సైక్లోన్’ అన్న మాటను సృష్టించిన హెన్రీ పిడింగ్టన్ కలకత్తాలో ఉండి బంగాళాఖాతపు తుఫానులను పరిశీలించాడు. నావికుల కోసం 1848లో వెలువరించిన గ్రంథంలో కోరంగి ఉప్పెనను ఉదాహరణగా చూపాడు. ప్రపంచమంతా వాడే ఒక శాస్త్రపదం వెనక మన తీరపు శవాలున్నాయన్న సంగతి మన విద్యార్థులకు మనం చెప్పడం లేదు.

రక్షిత అఖాతంలో ఇంత వినాశం ఎలా జరిగింది? ఇందాక గుర్తుంచుకోమన్న ఉత్తర ఈశాన్యపు నోరే దీనికి సమాధానం. మన అర్ధగోళంలో తుఫాను గాలి అపసవ్య దిశలో సుడి తిరుగుతుంది. తుఫాను కేంద్రం అఖాతానికి దక్షిణంగా తీరం దాటితే, ఇక్కడ గాలి ఈశాన్యం నుంచీ తూర్పు నుంచీ నేలమీదికి కొడుతుంది. ఆ గాలి తోసిన నీరు తెరిచిన నోట్లోంచి లోపలికి వస్తుంది. మూడువైపులా మూసి ఉండడంతో పక్కకు పోయే దారి లేదు, అడుగు లోతు లేదు. అందుకని నీరు పైకి లేస్తుంది. ఏడాదిలో ఎక్కువ రోజులు కాపాడే ఆకారమే, ఆ ఒక్క రాత్రి ముంచుతుంది.

కాకినాడ: సరుకూ మనుషులూ

కోరంగిని ఉప్పెన కుంగదీసింది, ఒండు పూడ్చింది. అఖాతానికి ఉత్తరపు కొసనున్న కాకినాడకు మాత్రం పెరిగే ఇసుక నాలుక అండ అయింది. దానికి తోడు 1847–52 మధ్య ఆర్థర్ కాటన్ ధవళేశ్వరం ఆనకట్ట కట్టించాడు. డెల్టాలో ధాన్యం పెరిగింది. ఆ పంటను కాలువల్లో పడవల మీద నేరుగా కాకినాడకు దించుకునే వీలు కలిగింది. 1861లో అమెరికాలో అంతర్యుద్ధం మొదలై అక్కడి పత్తి ఇంగ్లండుకు ఆగిపోయినప్పుడు మన పత్తికి గిరాకీ వచ్చి కాకినాడ రేవు దశ తిరిగింది. అఖాతం లోతు తక్కువ కాబట్టి ఓడలు మైళ్ళ దూరంలో లంగరేసేవి. సరుకు మోసింది చిన్న నావలు, ఆ నావల్లోకి మోసింది మనుషుల వీపులు.

ఆ రేవు నుంచి ఎగుమతైన సరుకుల్లో మనిషి ఒకడు. 1843లో ‘కోరంగి పాకెట్’ అన్న ఓడ మారిషస్ చెరకు తోటలకు తెలుగు కూలీలను తీసుకుపోయింది. ఆ ఓడ తర్వాత 1845లో ఆస్ట్రేలియాకు ఈశాన్యాన పగడపు సముద్రంలో బద్దలైంది. అక్కడి చిన్న దీవులకు నేటికీ కోరంగి దీవులనే పేరు. ఒక తెలుగు పల్లె పేరు, ఆ పల్లెవాళ్ళెన్నడూ చూడని దీవులకు ఎలా అంటుకుందో వివరించడానికి సామ్రాజ్యవాద చరిత్ర అంతా కావాలి.

కూలీల అసలు ప్రవాహం బర్మాకు. రంగూను మన జనం నోట ‘రంగం’ అయింది. గోదావరి, విశాఖ, గంజాం జిల్లాల నుంచి ఏటేటా వేలమంది కాకినాడ, విశాఖ, కళింగపట్నం రేవుల్లో ఓడెక్కారు. రంగూను రేవులో బస్తాలు మోసిందీ, బియ్యపు మిల్లుల్లో పనిచేసిందీ, రిక్షా లాగిందీ ఎక్కువగా తెలుగువాళ్ళే. 1931 నాటికి బర్మాలో తెలుగువారి సంఖ్య సుమారు లక్షన్నర. ఎక్కడి తెలుగువాణ్ణయినా అక్కడ ‘కోరంగి’ అనే పిలిచేవారు. పూడిపోయిన రేవు పేరు ఒక కూలి జాతి పేరైంది, పోనుపోను తిట్టయింది.

1930 మేలో రంగూను రేవు తెలుగు కూలీలు కూలి పెంచమని సమ్మె చేశారు. స్టీవడోరు కంపెనీలు బర్మా కూలీలను పెట్టుకున్నాయి. రాజీ కుదిరి తెలుగువాళ్ళు పనిలోకి తిరిగి రాగానే బర్మావాళ్ళను పొమ్మన్నాయి. రేవులో మొదలైన కొట్లాట ఊరంతా పాకి వందమందికి పైగా చనిపోయారు. దాన్ని జాతుల అల్లరిగా రాసినవాళ్ళున్నారు. ఒక ఆకలిని మరొక ఆకలి మీదికి ఉసిగొల్పి లాభపడింది ఎవరో చెప్పకపోతే ఆ కథ పూర్తికాదు. 1941 డిసెంబరులో జపాను బాంబులు రంగూను మీద పడ్డాక, 1942లో లక్షలాది భారతీయులు కొండలూ అడవులూ దాటి కాలినడకన వచ్చారు. దారిలో రాలిపోయినవాళ్ళకు లెక్క లేదు. ఆ ఏప్రిల్ 6న బాంబులు కాకినాడ మీదా పడ్డాయి. బర్మా సైనిక ప్రభుత్వం 1960లలో పంపించిన తెలుగు కుటుంబాలకు విశాఖలో ‘బర్మా క్యాంపు’ నీడ అయింది. ఇంత పెద్ద వలస, ఇంత పెద్ద తిరుగుప్రయాణం మన నవలలో ఎంత చోటు పొందిందో సాహిత్య విద్యార్థులు లెక్కవేసి చూడాలి.

మడ అడవి: చట్టం, చెరువు, గుడిసె

ఇక అఖాతానికి దక్షిణపు అంచు. రోజుకు రెండుసార్లు ఉప్పునీట మునిగితేలే ఒండులో గాలి చొరదు. అందువల్ల మడచెట్టు వేళ్ళను పైకి, మేకుల్లాగా, నీటిమీదికి పంపి ఊపిరి పీలుస్తుంది. ఉప్పు పొన్న కాయ చెట్టునుండగానే మొలకెత్తి, ఈటెలాగా ఒండులో గుచ్చుకునేందుకు సిద్ధమై పడుతుంది. తిల్ల చెట్టు పాలు కంట్లో పడితే చూపు దెబ్బతింటుంది. కట్టె కొట్టేవాళ్ళు దాని జోలికి జాగ్రత్తగా పోతారు. ఈ వేళ్ళ సందుల్లోనే రొయ్య పిల్ల, మండపీత, పండుగప్ప పిల్ల పెరుగుతాయి. సముద్రం మీద వల లాగే మనిషి కూడు ఈ బురదలో తయారవుతుంది. తుఫానునాడు కెరటం ఊపును ఈ అడవి కొంత విరుస్తుంది.

1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద 1978 జులైలో ఇక్కడ కోరంగి అభయారణ్యం ప్రకటించారు. విస్తీర్ణం సుమారు 235 చదరపు కిలోమీటర్లు. నీటికుక్కలకు, బావురుపిల్లులకు, హోప్ ఐలాండ్ ఇసుకలో గుడ్లు పెట్టే ఆలివ్ రిడ్లే తాబేళ్ళకు అది ఆశ్రయం. అభయారణ్యం అన్న మాట చక్కనిది. కాని తరాలుగా ఆ అడవిలో పుల్లలేరుకుని, పీతలు పట్టి బతికిన పల్లెవాళ్ళకు ఆ ప్రకటన తర్వాత అభయం కన్న భయమే ముందు తెలిసింది. కట్టెమోపుతో పట్టుబడిన స్త్రీ మీద కేసు రాయడం తేలిక.

అడవికి పెద్ద దెబ్బ ఆ మోపుతో రాలేదు. 1990లలో ఎగుమతి రొయ్యల చెరువులు తీరమంతా తవ్వారు. పొలాలు ఉప్పుబారాయి. ఆ పెట్టుబడి ఎక్కువగా పల్లెలది కాదు, లాభమూ పల్లెల్లో నిలవలేదు. తీర నియంత్రణ మండలంలో అటువంటి చెరువులు ఉండరాదని 1996 డిసెంబరులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పవలసి వచ్చింది. ఆ తీర్పుకు నెల ముందే, నవంబరు 6 రాత్రి, కాకినాడకు దక్షిణంగా తుఫాను తీరం దాటింది. రాష్ట్రంలో వెయ్యిమందికి పైగా చనిపోయారు. గౌతమి మొగ దగ్గరున్న భైరవపాలెం, బలుసుతిప్ప ఊళ్ళ బెస్తలు అందరికన్న ఎక్కువగా బలయ్యారు. ఇసుక నాలుక కాకినాడ రేవుకు తూర్పున ఉంది గాని ఆ పల్లెలకు అడ్డంగా లేదు. తుఫాను ప్రకృతి పంపింది. ఆ రాత్రి నీటి మీద ఎవరుండాలో, ఎవరికి పక్కా ఇల్లుండాలో ప్రకృతి నిర్ణయించలేదు.

కాపాడే పని జనంతో కలిసి చేస్తే ఎలా ఉంటుందో కూడా ఈ తీరమే చూపింది. 1990ల చివర ఎం.ఎస్. స్వామినాథన్ పరిశోధన సంస్థ, అటవీశాఖ కలిసి పల్లెల్లో సంఘాలు పెట్టించి, అడవి చచ్చిన చోట చేపముల్లు ఆకారంలో పిల్లకాలువలు తవ్వించి పోటునీరు లోపలికి ఎక్కేలా చేశాయి. ఉప్పు పేరుకున్న నేల కడుక్కుపోయి మడ మళ్ళీ మొలిచింది. తవ్వింది పల్లెవాళ్ళే.

కాని చిక్కు అంతటితో తీరలేదు. 2020 ప్రాంతంలో కాకినాడ దుమ్ములపేట దగ్గర పేదల ఇళ్ళ స్థలాలకోసమని మడచెట్లు కొట్టించారు. వ్యవహారం జాతీయ హరిత ట్రిబ్యునల్ దాకా పోయింది. ఇక్కడ రచయిత జాగ్రత్తగా ఉండాలి. ‘పేదలా, చెట్లా’ అన్న ప్రశ్న వినగానే ఏదో ఒక పక్షాన నిలబడి రాసేయడం సులువు. నగరంలో మెరకనేల అంతా ఎవరి చేతుల్లో ఉంది, పేదవాడికి పోటునీరెక్కే పర్ర మాత్రమే ఎందుకు మిగిలింది అని అడిగినప్పుడే ఆ ప్రశ్నలోని మోసం బయటపడుతుంది.

ఉప్పాడ: అండకు అవతల

అఖాతానికి బయట, కాకినాడకు ఉత్తరాన ఉప్పాడ ఉంది. జరీ చీరకు పేరుపడ్డ ఊరు. అక్కడ సముద్రం ఏళ్ళ తరబడి నేలను కోసుకుపోతోంది. ఇళ్ళు, గుడులు, కాకినాడనుంచి వచ్చే రోడ్డు పదేపదే కెరటాల పాలయ్యాయి. దీనికి కారణాలను నిపుణులు ఒకటికి మించి చెబుతారు. ఇసుక నాలుక కాకినాడకు అండగా నిలిచి, కెరటాల తాకిడిని దాని కొసకు అవతల పడేలా మళ్ళించింది. ఉత్తరానికి జరగవలసిన ఇసుకలో కొంత ఆ నాలుకలోనే చిక్కుపడింది. 1997లో పని మొదలుపెట్టిన లోతునీటి రేవుకోసం కట్టిన అలకట్టలు, తవ్విన ఓడబాట ఇంకొంత అడ్డాయి. వీటన్నిటి వెనక మరో మార్పు ఉంది. గోదావరి మీదా ఉపనదుల మీదా కట్టిన జలాశయాల్లో ఒండ్రు ఆగిపోయి, 1990ల నాటికి నది సముద్రానికి తెచ్చే మట్టి 1970ల నాటి దానిలో సగానికన్న తక్కువైంది. పెరిగే డెల్టా అరిగే డెల్టాగా మారిందని ఆంధ్ర విశ్వవిద్యాలయ పరిశోధకులు చూపారు.

ఎగువ ఆనకట్ట కింద పైరు పచ్చబడడం, దిగువ ఉప్పాడలో ఇల్లు సముద్రంలో కూలడం వేరువేరు వార్తలుగా పత్రికల్లో పడతాయి. నది లెక్కలో అవి ఒకే పద్దు. ఆనకట్టలు వద్దని దీనర్థం కాదు. రైతు నీరు రైతుకు కావాలి. లాభనష్టాల లెక్కలో ఉప్పాడ సాలెవాణ్ణీ బెస్తవాణ్ణీ ఎందుకు రాయలేదన్నదే ప్రశ్న.

రచయితకు ఎందుకు?

ఇదంతా భూగోళ పాఠం కదా, సాహిత్య పత్రికలో ఎందుకని కొందరు అడగవచ్చు. వస్తువు తెలియనివాడి శిల్పం ఎంతవరకు నిలుస్తుంది? మాణిక్ బందోపాధ్యాయ 1936లో ‘పద్మా నదీర్ మాఝీ’ రాసినప్పుడు, సముద్రంలో కొత్తగా తేలిన దీవికి పేదవాళ్ళను తరలించి దున్నించే యజమానిని అందులో నిలబెట్టాడు. కొత్త నేల అనేది ఎవరి ఆశ, ఎవరి ఆస్తి అన్న ప్రశ్న ఆ నవలకు వెన్నెముక. నది స్వభావం, పడవ పని తెలియకుండా ఆ నవల పుట్టేది కాదు. తకళి ‘చెమ్మీన్’ (1956) కట్టుబాటు కథను ఎక్కువగా నమ్ముకుందన్న విమర్శ ఉండవచ్చు. అయినా పడవ ఎవరిది, వాటా ఎంత అన్న లెక్క అందులో ఉంది. అటువంటి తీరం మనకూ ఉంది. వేల ఏళ్ళది కాకపోయినా, మూడు వందల ఏళ్ళ లిఖిత చరిత్ర దానికి ఉంది.

తీరం గురించి రాసేవారికి మూడు మాటలు. ఒకటి, ప్రకృతిని నేపథ్యపు తెరగా వాడకండి. ఇసుక దిబ్బకు వయసుంది, ఒండుకు ఊరుంది, రెండూ కథలో పాత్రలే. రెండు, ఉప్పెనను విధిగా చిత్రించకండి. గాలి వేగం వాతావరణ శాఖ చెబుతుంది, ఎవరి గుడిసె ఎక్కడుందో సమాజం చెబుతుంది. మూడు, మాటల దగ్గర పొదుపు చేయకండి. పోటు, పాటు, మొగ, తిప్ప, పర్ర వంటి మాటలు తెలియకుండా ‘అలల హోరు’ అని రాస్తే బెస్తపల్లెలో చదివేవాడు నవ్వుతాడు.

హోప్ అంటే ఆశ. ఆ పేరు పెట్టినవాడు ఓడ మీదున్నవాడు. తుఫానులో దిబ్బ వెనక్కు చేరితే బతుకుతానన్న ఆశ అతనిది. ఆ దిబ్బకు ఇవతల ఒండులో పీతలు పట్టే మనిషీ, దక్షిణాన మొగ దగ్గర వల వేసే మనిషీ, అవతల ఉప్పాడలో గోడ కూలిన మనిషీ దానికి ఏ పేరు పెట్టేవారో ఇంతవరకు ఎవరూ అడగలేదు. ఆ పేర్లు వెతకడం మన రచయితలు చేయవలసిన పని.